కంబోడియా పాటల సంగతి, నా గోనెసంచి కాసెట్ల సంగతి

ఎడిటర్ గారికి నమస్కారం,

పోయిన ఆదివారం మీ పేపర్ల పల్లెపాట మీద వచ్చిన వ్యాసం రెండుసార్లు చదివిన సార్. రాసినాయన బాధ నిజమైందే, నేను కాదంటలేను. కానీ చివరికి వచ్చినంక కీబోర్డు వచ్చి డీజే వచ్చి యూట్యూబ్ వచ్చి మన పాటని చంపినయి అని తేల్చేసిండు చూడుండి, అది మాత్రం నాకు మింగుడు పడలే. మిర్యాలగూడల బస్టాండ్ రోడ్డు మీద ఇరవై ఏండ్లు కాసెట్ షాపు నడిపినోణ్ణి, ఖాళీ కాసెట్ తెచ్చిస్తే లిస్టు ప్రకారం పాటలు ఎక్కించి ఇచ్చేటోణ్ణి, పాట ఎట్ల వస్తది ఎట్ల పోతది అనేది నేను కౌంటర్ ఎనక కూసొని చూసిన. అందుకే ఈ ఉత్తరం. కొంచెం పొడుగైతది, మీరే కత్తిరించుకోండి, కానీ కంబోడియా ముక్క మాత్రం తీసెయ్యకుండి.

కంబోడియా ఎందుకంటరా. మన పేపర్లల్ల ఆ దేశం పేరు ఈ మధ్య ఒక్క దానికే వస్తున్నది, ఉద్యోగం అని నమ్మి పోయిన మన పిలగాండ్లని అక్కడ సైబర్ మోసాల ముఠాలు బంధించి పని చేపిస్తున్నయని. ఆ వార్త వచ్చిన రోజు మా బిడ్డ ఫోన్ల ఆ దేశం గురించి ఎతుకుతుంటే ఒక పాట దొరికింది, "నాయినా ఇది విను, మన పాత పాట లెక్కనే ఉంది" అని నా చెవుల పెట్టింది. మగాయన గొంతు, మెత్తగ, ఎనక గిటార్, ఆర్గన్. మాట ఒక్కటి అర్థం కాలే. అయినా పాట అయిపొయ్యేదాక నేను కదల్లే సార్. ఆ పాడినాయన పేరు సిన్ సిసమూత్. ఆ రాత్రి సంది దాదాపు ఏడాది ఆ దేశం సినిమాలు, పాటల గురించి దొరికింది దొరికినట్టు చూసిన, ఇంగ్లీషుల ఉన్నయి బిడ్డ చదివి చెప్పింది.

కంబోడియాకి ఫ్రెంచోళ్ళ నుంచి స్వాతంత్ర్యం 1953 నవంబర్ 9న వచ్చింది. అప్పుడు రాజు నరోదమ్ సిహనూక్. ఈయన 1955ల గద్దె తండ్రికి అప్పజెప్పి తనే రాజకీయాలల్లకి దిగి దేశాన్ని నడిపిండు. చిత్రమేందంటే ఆయన సాక్సఫోన్ వాయించేటోడు, పాటలు కట్టేటోడు, 1960లల్ల సినిమాలు కూడ తనే డైరెక్షన్ చేసిండు, 1968ల రాజధాని ఫ్నోం పెన్‌ల అంతర్జాతీయ ఫిల్మ్ ఫెస్టివల్ పెట్టిచ్చిండు. కొత్త దేశం అంటే కొత్త రోడ్లు, కొత్త బడులు, కొత్త స్టేడియం ఒక్కటే కాదు, కొత్త పాట కూడ ఉండాలె అని ఆయన పట్టుదల. మంత్రిత్వ శాఖలకి, మిలిటరీకి కూడ సొంత బ్యాండ్లు ఉండేవంట. నేషనల్ రేడియోల పొద్దంతా పాటలే. ఇదంతా రాజుగారి గొప్ప చూపించుకునుడు కూడ అనుకోండి, ఆయన్ని పొగిడే పాటలు మస్తుగ వచ్చినయి, పల్లెలల్ల పేదోళ్ళ కష్టం ఆ పాటలల్ల అంత కనపడదు. ఆ లోటు ఉన్నది. అయినా గొంతులు మాత్రం నిజం.

1959ల అన్నదమ్ములు కలిసి ఒక గిటార్ బ్యాండ్ పెట్టిన్రు, ఆ దేశంల మొదటి గిటార్ బ్యాండ్ అదే అంటరు, ఇంగ్లండ్ల క్లిఫ్ రిచర్డ్, షాడోస్ బ్యాండ్ వాయించేది విని అట్లనే వాయించాలని. బ్యాండ్ పేరేం పెట్టుకున్నరో తెలుసా సార్, బక్సే చమ్‌క్రోంగ్. అది వాళ్ళ పాత రాజుల గుళ్ళున్న అంగ్‌కోర్‌ల వెయ్యేండ్ల కిందటి శివాలయం పేరు. చేతిల ఎలక్ట్రిక్ గిటారు, పేరేమో గుడిది. మన వ్యాసం రాసినాయనకి నేను మొట్టమొదట చెప్పాలనుకున్న సంగతి ఇదే. ఆ పిలగాండ్లకి గిటార్ పట్టుకుంటే గుడిని మర్చిపోవాలనే ఆలోచనే రాలే.

సిసమూత్ సంగతి చెప్త. ఆయన ఉత్తరాన స్టంగ్ ట్రెంగ్ అనే జిల్లా మనిషి, రాజధానికి వచ్చింది నర్సు కోర్సు చదవనీకి, పాట వదల్లేక రేడియోకి పోయిండు, తర్వాత రాజమాత పిలిపిచ్చి రాజభవనం సంప్రదాయ సంగీత బృందంల పెట్టుకున్నది. అంటే పునాది అంతా పాత సంగీతమే. దాని మీద ఆయన చా-చా-చా పాడిండు, ట్విస్ట్ పాడిండు, రాక్ పాడిండు. వాళ్ళకి రాంవాంగ్ అని ఒక ఆట ఉంటది, పండుగలకి పెండ్లిళ్ళకి మన ఆడోళ్ళు బతుకమ్మ చుట్టూ తిరిగినట్టు గుండ్రంగ తిరుగుకుంట ఆడుతరు, ఆ ఆటకి కూడ ఆయన డ్రమ్స్ గిటార్ పెట్టి పాటలు చేసిండు, ఊరోళ్ళు అవే పాటలకి ఆడిన్రు. ఎవ్వలు వద్దనలే.

రోస్ సెరెయ్ సొతియా అని ఇంకొకామె. బత్తంబాంగ్ దిక్కు పేదింటి పిల్ల. బత్తంబాంగ్ అంటే ఆ దేశానికి వరి గిన్నె, మాకు మిర్యాలగూడ ఎట్లనో అట్ల, చుట్టూ వరి పొలాలే, అందుకే ఆమె మీద నాకు ఇంకొంచెం ప్రేమ ఎక్కువైందేమో. ఆమె గొంతు సన్నగ పైకి పోతది, అంత పైకి పోయినా పగలదు. సిహనూక్ ఆమెకి రాజధాని బంగారు గొంతు అని బిరుదు ఇచ్చిండు. పాన్ రాన్ అని ఇంకో గాయని ఉండె, ఆమె పెండ్లి గురించి, ఆడపిల్ల తన ఇష్టం గురించి ధైర్యంగ, చిలిపిగ పాడేది. యోల్ ఔలారాంగ్ అనే కుర్రోడు పూర్తి రాక్. 1960లు అయిపొయ్యే టైంల పక్క వియత్నాంల అమెరికా సైనికుల కోసం నడిచే రేడియో ఫ్నోం పెన్ దాక వినపడేది, అక్కడి నుంచి సోల్, హార్డ్ రాక్ అన్నీ ఒచ్చి పడ్డయి. వచ్చినదాన్ని వచ్చినట్టు దింపలే వాళ్ళు, వాళ్ళ భాష ఖ్మేర్ల మాట ఎట్ల సాగుతదో రాగం అట్ల సాగేటట్టు మార్చుకున్నరు. ఇంగ్లీష్ ట్యూన్ తెలిసిన పాటల్ల కూడ ఇది వీళ్ళదే అనిపిస్తది.

సినిమాలకి వస్తే, 1960 నుంచి 1975 దాక పదిహేనేండ్లల్ల దగ్గర దగ్గర 400 సినిమాలు తీసిన్రు, ఫ్నోం పెన్‌ల ముప్పై దాక టాకీసులు ఉండె. ఎక్కువ కథలు ఏందనుకున్నరు, జానపదాలు. దయ్యాలు, రాక్షసులు, పాములు, పన్నెండు మంది అక్కచెల్లెండ్ల కథ. 1970ల తియా లిమ్ కూన్ తీసిన పాము సినిమా పక్కనున్న థాయ్‌లాండ్‌ల కూడ బాగ ఆడింది, దాంట్లె దీ సవెత్ హీరోయిన్, 1959ల మొదటి మిస్ కంబోడియా ఆమెనే. మన కోదాడ పక్క గుడిబండ నుంచి పోయిన కాంతారావు గారు కత్తి పట్టుకొని మనకి జానపద సినిమాలు చూపెట్టిన కాలమే అది, అక్కడ కూడ జనం చెట్టు కింద విన్న కథనే తెర మీద చూడనీకి ఎగబడ్డరు. పాటలు సిసమూత్, సొతియా పాడితే తెర మీద హీరో హీరోయిన్ పెదాలు కలిపేటోళ్ళు, మన లెక్కనే. కెమెరా కొత్తది, కథ అమ్మమ్మ చెప్పింది.

1970 మార్చిల సిహనూక్‌ని దించేసి లోన్ నోల్ అనే జనరల్ గద్దెనెక్కిండు, దేశం అంతర్యుద్ధంల పడ్డది, పల్లెల మీద అమెరికా బాంబులు. రాత్రి కర్ఫ్యూ పెడితే కచేరీలు పగటిపూట పెట్టుకున్నరు, అట్లనన్న పాట ఆపలే. తర్వాత 1975 ఏప్రిల్ 17న ఖ్మేర్ రూజ్ అనే కమ్యూనిస్టు తిరుగుబాటుదార్లు రాజధానిల దిగిన్రు. ఇగ అక్కడి నుంచి నాకు రాయబుద్ధి కాదు సార్. పట్నం మొత్తం ఖాళీ చేపించి, ఆస్పత్రిల మంచం మీద ఉన్నోళ్ళతో సహా, అందరినీ పొలాలకి తోలిన్రు. చదువుకున్నోడు, టీచరు, డాక్టరు, పాట పాడేటోడు, సినిమాల కనపడ్డోడు, వీళ్ళంతా శత్రువులన్నరు. 1979 జనవరి 7న ఆ పాలన పోయేవరకు సుమారు 17 లక్షల మంది చచ్చిపోయిన్రు, అప్పటి జనాభాల అయిదో వంతు కన్నా ఎక్కువే. కళాకారులల్ల అయితే వందకి తొంభై మంది పోయిన్రని అంచనా. సిసమూత్ పోయిండు. సొతియా పోయింది. పాన్ రాన్, యోల్ ఔలారాంగ్ పోయిన్రు. ఎక్కడ, ఏ రోజు, ఎట్ల చంపిన్రో ఇయ్యాలటికి ఎవ్వలకీ గట్టిగ తెల్వది, సమాధి లేదు. దేశమంతా గొంతు తెలిసిన మనిషికి సమాధి లేదు.

ఆ 400 సినిమాలల్ల ఇప్పుడు మిగిలింది ముప్పై దాక అంట. ఆ డైరెక్టర్లల్ల బతికి బయటపడ్డ కొందరిని 2011ల దవీ చూ అనే కుర్రోడు తన డాక్యుమెంటరీల కలిసిండు, ఈయన తాత కూడ ఆ కాలం ప్రొడ్యూసరే. దాంట్లె లీ బున్ యిమ్ అనే పెద్దాయన తన పోయిన సినిమా కథని నోటితో చెప్తడు. తెర లేదు, రీలు లేదు, మనిషి చెప్తుంటే మనం ఊహించుకోవాలె. దీ సవెత్ అప్పట్ల దేశం దాటి పోయి ఫ్రాన్స్‌ల బతికి 1990లల్ల తిరిగొచ్చింది, ఆమె ఇంట్ల గోడ మీద తనతో పని చేసిన నటుల ఫోటోలు. పాత టాకీసు ఒకటి పేదోళ్ళకి ఇల్లైంది, తెర ఉన్న కాడ పొయ్యిలు పెట్టుకున్నరు. ఇంకొకటి కరోకే. అది చూసినప్పుడు మా ఊళ్ళ ఫంక్షన్ హాలు అయిన టాకీసు యాదికొచ్చి నాకు నిద్ర పట్టలే.

మరి ఆ పాటలు మనదాక ఎట్ల వచ్చినయి? కాసెట్ల మీద సార్! ఎవ్వలో రికార్డు దాచుకున్నరు, ఎవ్వలో థాయ్ బార్డర్ల శరణార్థి క్యాంపుల కాడికి టేపు తీస్కపోయిన్రు, దాన్నుంచి ఇంకొకటి, దాన్నుంచి ఇంకొకటి ఎక్కించుకున్నరు. కాలిఫోర్నియాకి పోయిన ఖ్మేర్ జనం ఆ పాటల మీద కొత్త డ్రమ్ములు కూడ ఎక్కించి అమ్మిన్రు. కాపీ నుంచి కాపీ తీస్తే గరగర వస్తదని, హై, అంటే సన్నని శబ్దం, తగ్గుతదని కాసెట్ షాపోళ్ళకి తెలుసు. ఆ గరగరతోనే ఆ పాటలు బతికినయి. 1994ల ఒక అమెరికా టూరిస్టు కంబోడియాకి పోయి సియెం రీప్‌ల కొన్ని కాసెట్లు కొనుక్కపోయిండు, వాటిల పాటలు ఏరి 1996ల అమెరికాల ఒక చిన్న కంపెనీ రికార్డు వేసింది. ప్రపంచమంతా విన్నది, మెచ్చుకున్నది. కానీ ఆ రికార్డు మీద పాడినోళ్ళ పేరు ఒక్కటి కూడ లేదు! పాట పేర్లు కూడ లేవు. పేర్లన్నీ తర్వాత మెల్లగ ఆ పాటలు ఎరుగున్నోళ్ళు గొంతు పట్టి చెప్తే బయటికి వచ్చినయి. చంపినోడు మనిషిని తీసేసిండు, మంచిగ ఉండాలని వేసిన రికార్డు మీద పేరు లేకపాయె.

ఇది చదివినప్పుడు నాకు గుండెల రాయి పడ్డట్టైంది, ఎందుకంటే నేను చేసింది యాదికొచ్చింది. ఇప్పటిదాక ఎవ్వలకీ చెప్పలే, మీ పేపర్ల చెప్తున్న.

షాపుల సినిమా పాటలే కాకుండ నేను సొంతంగ రికార్డు చేసినయి కూడ ఉండె. దురాజ్‌పల్లి పెద్దగట్టు జాతరకి పోయి, చెర్వుగట్టుకి పోయి, టూ-ఇన్-వన్ పట్టుకొని రాత్రిళ్ళు కూసొని ఒగ్గు కథలు, మల్లన్న కథ, ఎల్లమ్మ కథ, నాట్లు ఏసేటప్పుడు ఆడోళ్ళు పాడిన పాటలు, ఒక ముసలమ్మ దంపుడు పాటలు. ఆ ముసలమ్మకి నోట్ల పండ్లు లేవు, తాళం తప్పేది కాదు. నైంటీ కాసెట్ రెండు దిక్కులా నిండింది, ఇంకా పాడుతనే ఉన్నది, నా కాడ టేపు అయిపోయింది. ఆమె పేరు నేను రాసుకోలే. కాసెట్ మీద "దంపుడు పాటలు" అని ఊరి పేరు రాసిన, అంతే. 2009ల షాపు బంద్ చేసినప్పుడు, అప్పటికే సీడీలు పోయి మెమరీ కార్డులు వచ్చినయి, మూడు గోనెసంచుల కాసెట్లు పాత సామాన్లాయనకి కిలోల లెక్క అమ్మేసిన. దాంట్లె ఆ ముసలమ్మ కాసెట్ కూడ పోయింది. ఎనకకి తెద్దామని నాలుగు రోజుల తర్వాత పోతే అప్పటికే ఎక్కడికో లోడ్ పంపిండు.

అందుకే ఆ వ్యాసం రాసినాయనకి నేను చెప్పేది, డీజే ఏం చెయ్యలే సార్. నా గోనెసంచి చేసింది. ఇయ్యాల యూట్యూబ్ల మన దిక్కు జానపదాలు లక్షల మంది చూస్తున్నరు, పెండ్లి బరాత్‌ల కొట్టుకుంటున్నయి, దాంట్లె సగం పాటలకి ఎనక ఎవ్వలో అవ్వలు పాడినవే ఉన్నయి, మాట మార్చి బీటు పెట్టిన్రు. బీటు పెట్టుడు తప్పు కాదు, సిసమూత్ పెట్టలేదా. కింద రాసేటప్పుడు "జానపదం" అని ఒక్క మాట రాసి వదిలేస్తున్నరు, ఏ ఊరు, ఏ అవ్వ కాడ విన్నరో రాస్తలేరు, అది తప్పు.

కలిపి పాడితే ఎంత మంచిగుంటదో కూడ కంబోడియానే చూపెట్టింది. వాళ్ళకి చాపెయ్ డాంగ్ వెంగ్ అని పొడుగు మెడ ఉన్న రెండు తీగల వాయిద్యం ఉంటది, దాన్ని వాయించుకుంట కథ చెప్తరు, నీతి చెప్తరు, అప్పటికప్పుడు మాట కట్టి నవ్విస్తరు. ఇది అంతరించిపొయ్యే దశల ఉన్నదని యునెస్కో 2016ల అత్యవసరంగ కాపాడాల్సిన వాటి లిస్టుల పెట్టింది. కాంగ్ నాయ్ అనే పెద్దాయన, చిన్నప్పుడే అమ్మవారు పోసి కండ్లు పోయినయి, ఖ్మేర్ రూజ్ కాలం దాటి బతికిండు, ఆ వాయిద్యానికి గురువు. 2021ల వన్‌డా అనే ఇరవై దాటిన ర్యాప్ కుర్రోడు ఈయన్ని తీస్కొచ్చి తన పాటల కూసోపెట్టిండు. ముసలాయన చాపెయ్ వాయిస్తూ పాడుతుంటే పక్కన పిలగాడు ర్యాప్. కోట్ల మంది చూసిన్రు. ఆ పిలగాడు 2024 పారిస్ ఒలింపిక్స్ ముగింపు వేడుకల పాడిండు. ముసలాయన దానికి కొన్ని వారాల ముందే పోయిండు, కానీ పోయేనాటికి ఆయన పేరు ఆయన దేశంల పదేండ్ల పిల్లలకి కూడ తెలుసు.

మన పాలమూరుల ఇది జరగలేదా? లింగాల మండలం అవుసలికుంట దర్శనం మొగులయ్య గారు పన్నెండు మెట్ల కిన్నెర పట్టుకొని పేదోళ్ళ కోసం దొరల మీద కొట్లాడిన పండుగ సాయన్న కథ పాడుకుంట ఊర్లు తిరిగిన మనిషి. 2022ల ఒక పెద్ద హీరో సినిమాల ఆయన గొంతుతో పాట మొదలైతే రాష్ట్రమంతా ఆ కిన్నెర ఏందని అడిగింది, అదే ఏడాది పద్మశ్రీ. సినిమా పాట కిన్నెరని చంపిందా, జనం కాడికి తీస్కపోయిందా మీరే చెప్పుండి. అయితే ఆ వాయిద్యం చేసేటోళ్ళు, నేర్చుకునేటోళ్ళు ఎంతమంది ఉన్నరని అడిగితే మాత్రం నాకు భయమే.

ఫ్నోం పెన్‌ల 2006ల రితీ పాన్ అనే సినిమా డైరెక్టర్ బొఫానా అని ఒక సెంటర్ పెట్టిండు. ఈయన చిన్నప్పుడు ఖ్మేర్ రూజ్ క్యాంపులల్ల అమ్మానాయిన్ని పోగొట్టుకున్నోడు. ఆ సెంటర్ల ప్రపంచంల ఎక్కడెక్కడో దొరికిన పాత ఖ్మేర్ సినిమా ముక్కలు, రేడియో రికార్డింగులు, ఫోటోలు పోగు చేసి పెట్టిన్రు, ఎవ్వలన్నా పోయి ఉచితంగ చూడొచ్చు, పిల్లలు పోయి తాతలు చూసిన సినిమా చూస్తున్నరు. యుద్ధంల అన్నీ పోగొట్టుకున్న దేశం అంత చేసింది. మనకి యుద్ధం రాలే, మన మొదటి తెలుగు టాకీ 1932ల వస్తే దాని ప్రింటు కూడ ఇయ్యాల లేదు. సినిమాకి పుణెల 1964 నుంచి ఆర్కైవ్ ఉన్నది, ఊరి పాటకి ఏమున్నది?

నేను మిమ్మల్ని అడిగేది రెండు. జిల్లా గ్రంథాలయంల ఒక గది, ఒక కంప్యూటర్, ఒక మంచి టేప్ డెక్కు పెట్టుమని మీ పేపర్ నుంచి గట్టిగ రాయుండి, మేం చెప్తే ఇనరు, మీరు రాస్తే ఇంటరు. రెండోది, జిల్లా ఎడిషన్ల వారానికి ఒకసారి చిన్న డబ్బా కట్టుండి, "మీ ఇంట్ల పాత కాసెట్ ఉన్నదా, ఎవ్వల గొంతు, ఏ ఊరు" అని. జనం పంపిస్తరు, నాకు నమ్మకమున్నది. ఎక్కించే పని నేను చేస్త, పైసలు వద్దు. నా కాడ ఇంకా నడిచే డబుల్ డెక్కు ఒకటి ఉన్నది, బెల్టు మొన్ననే మార్పిచ్చిన, హెడ్డు స్పిరిట్‌తో తుడిచి పెట్టిన.

చదివేటోళ్ళకి ఒక మాట. ఇంట్ల కాసెట్ దొరికితే ఎంటనే టేపుల పెట్టి నొక్కకుండి, ఏండ్లు పడి ఉన్న టేపు అతుక్కొని తెగుతది. ఎండల పెట్టకుండి, పెన్సిల్ పెట్టి మెల్లగ ఒక్కసారి అటు దాక తిప్పి ఇటు దాక తిప్పుండి. తెల్లగ బూజు ఉంటే అస్సలు తిప్పకుండి, అట్లనే కవర్ల పెట్టి తీస్కరండి. కాగితం మీద పాడినోళ్ళ పేరు, వాళ్ళ ఊరు రాసి లోపల పెట్టుండి, తెల్వకపోతే ఇంట్ల పెద్దోళ్ళని ఈ రోజే అడగుండి.

దంపుడు పాటలు పాడిన ఆ అవ్వది వేములపల్లి దిక్కు. 1990లల్ల ఆ దిక్కు ఎవ్వలింట్లనన్న పండ్లు లేని ముసలమ్మ ఉండి, దంపుడు పాటలు ఆపకుండ పాడేదని యాదికుంటే మీ పేపర్‌కి పేరు పంపుండి.

ఇట్లు,
పాత కాసెట్ షాపు ఆయన,
మిర్యాలగూడ, నల్లగొండ జిల్లా.